పన్నెండు గంటల వైపు

నవంబరు 2, ఆదివారం

సీజను మొదలైంది. మొదటి రోజే ఇరవై ముగ్గురు. పొద్దున ఏడున్నరకి జెట్టీలో ఎక్కించుకున్నాం, సాయంత్రం అయిదింటికి దింపాం. నాలుగు దీవులు: పక్షుల దీవి, ఉడుముల దీవి, గడ్డి దీవి, ఆఖరున తెల్ల ఇసుక. ఆరు నెలలు మైకు పట్టుకోకపోతే గొంతు కూడా తుప్పు పడుతుంది కాబోలు. మధ్యాహ్నానికే బొంగురుపోయింది.

ఈ పుస్తకం లైఫ్ జాకెట్ల పెట్టె అడుగున పెడుతున్నాను. ఇంట్లో పెడితే వదిన చదువుతుంది. చదివి, చదవనట్టే ఉంటుంది. అది మరీ కష్టం. గడ్డి దీవి దగ్గర లంగరు వేసి జనాన్ని ఈతకి దింపాక నలభై నిమిషాలు నాకు పెద్దగా పని ఉండదు. అప్పుడు రాసుకోవచ్చు.

ఒక సంగతి. పక్షుల దీవి దాటాక కుడివైపు డాల్ఫిన్లు వచ్చాయి. ఆరో ఏడో ఉంటాయి. నేనే ముందు చూశాను. పద్నాలుగేళ్ళుగా అన్నయ్య బోటు నడుపుతుంటే పక్కన మైకు పట్టుకుని నిలబడుతున్నాను, ఏనాడూ అన్నయ్య కంటే ముందు నా కంట ఏదీ పడలేదు. రేవులో అందరూ అన్నయ్యని గద్ద అంటారు. మిగతా బోట్లవాళ్ళు గద్ద ఎటు తిరిగితే అటు తిరుగుతారు. అలాంటిది ఈరోజు నేను ‘అదిగో’ అన్నాకే స్టీరింగు తిప్పాడు.

ఎండ ఎక్కువగా ఉంది. నీళ్ళ మీద మెరుపు కళ్ళలో కొడుతోంది. అంతే.

నవంబరు 5, బుధవారం

ఈరోజు కూడా ఎండే.

నవంబరు 6, గురువారం

నిన్నటిది చదివాను. నిన్న పొద్దుట్నుంచీ మబ్బు. జనం చలి చలి అని తువ్వాళ్ళు కప్పుకుని కూర్చున్నారు. ఎండ అని ఎందుకు రాశానో తెలియదు.

నవంబరు 9, ఆదివారం

కొత్త పద్ధతి కనిపెట్టాను. ఎక్కగానే జనానికి చెబుతున్నాను: "బోటు ముక్కు పన్నెండు గంటలనుకోండి. కుడి చెయ్యి మూడు గంటలు, ఎడమ చెయ్యి తొమ్మిది. ఎవరికి ఏ జంతువు కనిపించినా గడియారం లెక్కలో అరవండి." జనానికి భలే నచ్చింది. ముసలివాళ్ళు కూడా "రెండు గంటలకి పక్షి" అని పోటీలు పడ్డారు. ఉడుముల దీవి దగ్గర ఒకాయన "ఒంటిగంటకి ఉడుము, భోజనానికి వచ్చినట్టుంది" అంటే బోటంతా నవ్వింది.

రాళ్ళు కూడా చెబుతున్నాను. "పదకొండు గంటల వైపు చూడండి, నీళ్ళ కింద నల్లబండ, దాని మీద నీటికాకులు రెక్కలు ఆరబెట్టుకుంటాయి." నీటికాకులు ఉన్నా లేకపోయినా చెబుతున్నాను. జనం కోసమే చెబుతున్నాను. వాళ్ళకి తెలియాలి కదా.

అన్నయ్య నేను చెప్పిన వైపు నుంచి బోటు కొంచెం జరిపాడు.

నిన్న రాత్రి ఇంట్లో వదిన నన్ను వంటింట్లోకి పిలిచి గొంతు తగ్గించింది. "అమ్మాయ్, మీ అన్నయ్య నా మొహం చూసి మాట్లాడటం మానేశారు. ఎప్పుడు చూసినా పక్కకి తిరిగి, నా చెవితో మాట్లాడుతున్నట్టు మాట్లాడుతున్నారు. నేనేం చేశాను?" అంది.

నేను కూడా గమనించాను. ఎవరైనా ఎదురుగా నిలబడితే తల కొంచెం పక్కకి వాలుస్తాడు, కోడి గింజని చూసినట్టు. మెడ పట్టిందేమో అన్నాను. వదిన నమ్మింది. నాకు మాత్రం నమ్మకంగా అనిపించలేదు, కానీ మెడ పట్టడం కూడా ఉండేదే.

నవంబరు 14, శుక్రవారం

హార్బరు ఆఫీసు నుంచి కాగితం వచ్చింది. బోటు నడిపేవాళ్ళందరికీ ఇరవై నాలుగున వైద్య పరీక్ష. బీపీ, చెవులు, కళ్ళు. ఏటా ఉండేదే.

అన్నయ్య కాగితం నా చేతికిచ్చి చదవమన్నాడు. అద్దాలు బోటులో మరిచిపోయాడట. చదివాను. కాసేపు గోడకేసి కూర్చున్నాడు. తరవాత ఎటో చూస్తూ అన్నాడు. "చిట్టీ, ఆ హార్బరు డాక్టరు గదిలో గోడకి అట్ట ఉంటుందే, దువ్వెన బొమ్మలది. మూడు పళ్ళ దువ్వెన, ఒకటి అటు తిరిగి, ఒకటి ఇటు తిరిగి."

"ఉంటుంది."

"బోటు మందుల పెట్టెకి తనిఖీ ముద్ర వేయించడానికి సోమవారం అక్కడికే వెళ్తావుగా. ఆ అట్ట ఫొటో తీసుకురా."

"ఎందుకూ?"

"తీసుకురా."

ఇంకేమీ అడగలేదు. పద్నాలుగేళ్ళ కిందట నేను అత్తగారింట్లోంచి ఒక సంచీతో వచ్చి ఈ గుమ్మంలో నిలబడ్డప్పుడు అన్నయ్య కూడా నన్ను ఏమీ అడగలేదు. "పైగది ఖాళీగానే ఉంది. మైకులో మాట్లాడటం వచ్చా నీకు?" అన్నాడు. అంతే.

నవంబరు 17, సోమవారం

తీశాను. డాక్టరుగారు చేతులు కడుక్కోవడానికి లోపలికి వెళ్ళినప్పుడు. ఫొటో రెండోసారికి గాని సరిగ్గా రాలేదు.

నవంబరు 20, గురువారం

మూడు రోజులుగా పొద్దున టీ తాగేటప్పుడు పాఠం. ఏడో వరస: పైకి, కుడి, కింద, కింద, ఎడమ, పైకి, కుడి. ఎనిమిదో వరస: ఎడమ, ఎడమ, పైకి, కుడి, కింద, కుడి, పైకి. వదిన స్నానాలగది తలుపు దగ్గర నిలబడి నవ్వుతోంది, లోపల అన్నయ్య నీళ్ళు పోసుకుంటూ "కింద కింద ఎడమ" అని పాడుతున్నాడట. "ఈ వయసులో మీ అన్నయ్య డాన్సు నేర్చుకుంటున్నారా అమ్మాయ్?" అంది.

నేనూ నవ్వాను. డాక్టరు చివర్నుంచి అడిగితే ఎలా అని ఈరోజు వెనకనుంచి చెప్పించాను. తడబడ్డాడు. మళ్ళీ చెప్పించాను. నేను బడికెళ్ళే రోజుల్లో అన్నయ్య నాకు ఎక్కాలు ఇలాగే చెప్పించేవాడు, తప్పు పోతే మొదటికి రమ్మనేవాడు. నేనూ మొదటికి రమ్మన్నాను.

నవంబరు 24, సోమవారం

పాసయ్యాడు.

తిరిగి వస్తుంటే దారిలో మెట్టు తప్పి నా భుజం పట్టుకున్నాడు. ఇద్దరం నవ్వుకున్నాం.

నవంబరు 27, గురువారం

ఇవాళ రాయకపోతే పాపం. పక్షుల దీవికీ ఉడుముల దీవికీ నడుమ, నీళ్ళు నూనె పోసినట్టు ఉన్నాయి. అన్నయ్య ఉన్నట్టుండి ఇంజను ఆపేశాడు. జనం ఏమైందని లేచారు. వేలెత్తి ఆగమన్నాడు. నాకేమీ కనిపించలేదు. వెనక ఇంజను చూసుకునే పెద్దాయన, మేమంతా మామ అని పిలిచే ఆయన కూడా చెవుల్లో దూది తీసి తల పైకెత్తాడు. నిమిషం. అప్పుడు వినిపించింది. ఫుస్స్‌మని, ఎవరో పెద్ద నిట్టూర్పు విడిచినట్టు. తరవాత ఇంకోటి. డాల్ఫిన్లు బోటు కిందనుంచి వచ్చాయి. ముప్ఫైకి తక్కువుండవు. పిల్లలు తల్లుల పక్కకి అంటుకుని. ఒకటి పక్కకి ఒరిగి ఒక కన్నుతో మమ్మల్ని చూసింది. జనంలో ఒకామె ఏడ్చేసింది. ఎందుకు ఏడుస్తోందో ఆమెకే తెలియదు.

అన్నయ్య మొహం చూడాలి. చిన్నపిల్లాడిలా ఉన్నాడు.

చెవులతో పట్టుకున్నాడు. పక్షుల దీవి వాసనతోనే తెలుస్తుందంటాడు, గడ్డి దీవి దగ్గర అల చప్పుడు మారుతుందంటాడు. నలభై ఏళ్ళుగా ఈ నీళ్ళు కొలిచినవాడు. మనిషికి కళ్ళొక్కటేనా ఉన్నది. నేను అనవసరంగా బెంగపెట్టుకున్నాను. సీజనంతా హాయిగా గడిచిపోతుంది.

డిసెంబరు 3, బుధవారం

గడ్డి దీవికి చేరబోతుంటే బోటు కింద ఏదో తగిలింది. దడ్‌మని కాదు, మెత్తగా, బరువుగా. బోటు ఒకసారి వెనక భాగం ఎత్తి దింపినట్టయింది.

"మొద్దు" అన్నాడు అన్నయ్య.

"కంగారు పడకండి, కొట్టుకొచ్చిన చెట్టు మొద్దు, వానాకాలం తరవాత మామూలే" అన్నాను మైకులో.

ముందు వరసలో దుర్భిణీ పట్టుకుని ఒక పెద్దావిడ కూర్చుంది. రిటైరైన సైన్సు టీచరట. పొద్దుట్నుంచీ ఏ పక్షి పేరూ నన్ను చెప్పనివ్వలేదు, ముందే చెప్పేస్తోంది. ఆవిడ నావైపు తిరిగింది. "మొద్దు ఊపిరి తీసుకోదమ్మా. తగలబోయే ముందు తల పైకెత్తింది. నేను చూశాను" అంది, మెల్లగా, నాకు మాత్రమే వినపడేట్టు.

"అలల్లో అలాగే అనిపిస్తుందండీ" అన్నాను.

ఆవిడ దుర్భిణీ ఒళ్ళో పెట్టుకుంది. మళ్ళీ సాయంత్రం దాకా తియ్యలేదు.

గడ్డి దీవి చుట్టూ నీళ్ళ కింద గడ్డి మేస్తాయి తాబేళ్ళు. అందుకే అక్కడ నిదానంగా పోవాలని నియమం. నిదానంగానే పోయాం. ఎదురుగా ఉంటే పక్కకి తప్పించేవాడు కదా. ఇదివరకు ఎన్నిసార్లు తప్పించలేదు? కాబట్టి మొద్దే.

డిసెంబరు 4, గురువారం

మొద్దే.

డిసెంబరు 6, శనివారం

తెల్ల ఇసుక మీదికి కొట్టుకొచ్చింది. పెద్దది, నా రెండు చేతులు చాపినా అందనంత. డిప్ప మీద మూడు కోతలు, ఒకదాని పక్కన ఒకటి, స్కేలుతో కొలిచి గీసినట్టు. జనం చుట్టూ మూగి ఫొటోలు తీసుకుంటున్నారు. "ఎలా జరిగిందండీ?" అని అడిగారు. "ఏదో పెద్ద ఓడ తగిలి ఉంటుంది" అన్నాను. ఆ మాట నా నోట్లోంచి ఎంత సాఫీగా వచ్చిందో నాకే ఆశ్చర్యం వేసింది.

మామ పార తెచ్చి ఇసుకలో గొయ్యి తీశాడు. నేను సాయం పట్టబోతే వద్దన్నాడు. తవ్వుతూ తవ్వుతూ తల ఎత్తకుండా అన్నాడు. "మన ఇంజను ఫ్యానుకి రెక్కలెన్నో తెలుసా అమ్మాయ్?"

"మూడు" అన్నాను.

మళ్ళీ తవ్వాడు. నిన్న పొద్దున బోటు అడుగున ఆ రెక్కల్ని తుడుస్తూ ఆయన ఏం చూశాడో నేను అడగలేదు.

అన్నయ్య బోటు దిగనేలేదు. తిరిగి వచ్చేటప్పుడు ఒక్క మాట అడిగాడు. "ఎంత ఉంది?"

"చిన్నదే" అన్నాను.

డిసెంబరు 11, గురువారం

రాయడానికి ఏమీ లేదు. నీటికాకులు. ఉడుములు. అంతా మామూలే.

డిసెంబరు 15, సోమవారం

సాయంత్రం ఆరున్నర. టిక్కెట్ల గదిలో కూర్చుని రాస్తున్నాను. అందరూ వెళ్ళిపోయారు. ఉన్నది ఉన్నట్టు రాస్తాను.

గడ్డి దీవి దగ్గర లంగరు వేశాం. ఇరవై ఇద్దరు నీళ్ళలోకి దిగారు, మూతికి గొట్టాలు పెట్టుకుని. నేను ఈ పుస్తకం తీశాను. గాలి తిరిగింది, లంగరు జారుతోంది, బోటు రాళ్ళ వైపు పోతోంది. నేను ఆలస్యంగా చూసుకున్నాను. అందరినీ పైకి రమ్మని ఈల వేశాను, వాళ్ళు ఎక్కారు. ఎక్కాక నేను తలలు లెక్కపెట్టాలి. లెక్కపెట్టి చెయ్యెత్తాకే ఇంజను వెయ్యాలి. అది నా పని. పద్నాలుగేళ్ళుగా ఒక్కరోజు తప్పలేదు.

"అందరూ వచ్చారా?" అన్నాడు అన్నయ్య.

నేను మళ్ళీ రాస్తున్నాను. తల ఎత్తకుండా "ఆఁ" అన్నాను.

ఇంజను వేశాడు. బోటు కదిలింది. ఏదో అనిపించి తల ఎత్తాను. ముందు వైపు, సరిగ్గా నడిమధ్య, మామ లంగరు తాడు వదిలేసి రెండు చేతులూ ఊపుతున్నాడు. నోరు తెరిచి అరుస్తున్నాడు, ఇంజను హోరులో వినపడటం లేదు. మామకీ అన్నయ్యకీ మధ్య అద్దం తప్ప ఏమీ లేదు. ఎండ లేదు. అన్నయ్య ఆయన వైపే, సూటిగా ఆయన వైపే చూస్తూ బోటు ముందుకి పోనిస్తున్నాడు. మొహంలో ఏమీ లేదు. ప్రశాంతంగా ఉన్నాడు.

మామ వెనక నీళ్ళలో నారింజ రంగు టోపీ. పన్నెండు గంటల వైపు.

ఎలా చేరానో తెలియదు. కూర్చున్నవాళ్ళ కాళ్ళు తొక్కుకుంటూ వెళ్ళి తాళంచెవి తిప్పేశాను. బోటు అదే ఊపులో ఇంకా ముందుకి జారింది. ఆ జారినంతసేపూ ఆ టోపీనే చూశాను.

ఆ టోపీ పెట్టుకున్నామె చేత్తో బోటుని ఆపుకున్నట్టు అరచెయ్యి ఆనించింది. గొట్టం తీసి నవ్వింది. "నాకోసమే వచ్చారా, నేనే ఈదుకుంటూ వద్దును కదా" అంది. మామ ఆమెని పైకి లాగాడు. ఆమె జుట్టు పిండుకుంటూ తాను చూసిన చేప గురించి పక్కవాళ్ళకి చెబుతోంది. ముప్ఫై ఏళ్ళుంటాయేమో. ఎవరికీ ఏమీ తెలియలేదు.

"ఏమైంది? ఎందుకు ఆపావు?" అన్నాడు అన్నయ్య.

నేను తాళంచెవి వదల్లేదు.

"అందరూ వచ్చారన్నావుగా" అన్నాడు.

అన్నాను. నిజమే, నేనే అన్నాను. తప్పు నాది. లెక్క నాది. కానీ మామ లావుపాటి మనిషి, ఎర్ర చొక్కా. నాలుగు బారల దూరం.

డిసెంబరు 16, మంగళవారం

జ్వరమని చెప్పి లేవలేదు. నేను లేకపోతే అన్నయ్య కూడా మానేస్తాడనుకున్నాను. ఏడింటికి కింద గేటు చప్పుడైంది. కిటికీలోంచి చూస్తే అన్నయ్య టోపీ పెట్టుకుని వీధి చివరకి నడిచిపోతున్నాడు.

చెప్పులు కూడా సరిగ్గా తొడుక్కోకుండా పరుగెత్తాను. తాడు విప్పుతుండగా బోటులోకి దూకాను. రోజంతా ఆపకుండా మాట్లాడాను. గడియారం మొత్తం అరిచాను. జనంలో ఒకతను "ఈవిడకి జీతం మాటకింతనా?" అని పెళ్ళాం చెవిలో అనడం విన్నాను.

నేను మానలేను. నేను మానితే ఎవరో ఒకరు చస్తారు. నేను ఉన్నన్నాళ్ళూ ఆ బోటు ఆగదు. ఈ రెండు మాటలూ పక్కపక్కన రాసి చాలాసేపు చూశాను.

డిసెంబరు 17, బుధవారం

పొద్దున టీ దగ్గర అడిగేశాను.

"అన్నయ్యా, సోమవారం నీకు మామ కనిపించలేదు కదూ."

"కనిపించాడు."

"ఏ రంగు చొక్కా వేసుకున్నాడు?"

గ్లాసు కింద పెట్టాడు. తల పక్కకి వాల్చి నన్ను వెతికాడు. "నువ్వెవరే నాకు పరీక్ష పెట్టడానికి? పరీక్ష పాసయ్యాను నేను."

"నేను పాస్ చేయించాను."

వదిన పొయ్యి దగ్గర నిలబడిపోయింది. అంతకు ముందు తనకేమీ తెలియదని నేననుకున్నాను. వెంటనే తిరిగి నా చెయ్యి పట్టుకుంది. "అమ్మాయ్, సీజను అయ్యేదాకా చూద్దాం. నేను దండం పెడతాను. నువ్వు పక్కన ఉంటావు కదా. నువ్వుంటే ఏమీ కాదు" అంది.

అంటే తనకీ తెలుసు. చెవితో మాట్లాడుతున్నారని ఆరోజు నాకు చెప్పింది ఫిర్యాదు కాదు. నేనేమంటానో చూద్దామని.

"ఈ నీళ్ళు నాకు నోటికొచ్చు. నువ్వు పుట్టిన ఏడే నేను తెడ్డు పట్టాను" అన్నాడు అన్నయ్య.

"నీళ్ళు నోటికొస్తాయి. మనుషులు రారు కదా, వాళ్ళు రోజూ ఒకచోట ఉండరు" అన్నాను.

లేచి వెళ్ళిపోయాడు. గుమ్మానికి భుజం కొట్టుకుంది. వెనక్కి తిరిగి చూడలేదు.

డిసెంబరు 18, గురువారం

రేపు వెళ్తాను. బహుశా శనివారం.

డిసెంబరు 19, శుక్రవారం

వెళ్ళాను. జెట్టీకి పోతున్నట్టే ఆరున్నరకే బయల్దేరి, మలుపులో హార్బరు ఆఫీసు వైపు తిరిగాను. డాక్టరుగారు అప్పుడే తాళం తీస్తున్నారు. కుర్చీలో కూర్చోకుండానే చెప్పేశాను. ఫొటో సంగతి, దువ్వెనల సంగతి, తాబేలు, నారింజ టోపీ. చెబుతున్నంతసేపూ గోడ మీది అట్టనే చూశాను. ఏడో వరస చూడకుండానే చెప్పగలను.

"ఫొటో ఎవరు తీశారు?" అన్నారు.

"నేనే. మీరు చేతులు కడుక్కోవడానికి వెళ్ళినప్పుడు."

ఆవిడ చాలాసేపు పెన్ను మూత తీస్తూ పెడుతూ ఉన్నారు. "రాసిమ్మంటే రాసిస్తారా? మీ గైడు బ్యాడ్జీ కూడా పోతుంది" అన్నారు.

రాసిచ్చాను. నా రాత చూసి ఆవిడ "అందంగా రాస్తారే" అన్నారు. పొగడ్తో వెటకారమో తెలియలేదు.

ఫోను చేసి బోటు ఆపించారు. అన్నయ్యని పిలిపించారు. నేను వరండాలో బల్ల మీద కూర్చున్నాను. తలుపు సందులోంచి కనిపిస్తూనే ఉంది. ఆవిడ అట్టని మేకుకి తలకిందులుగా తగిలించారు. "ఏడో వరస చెప్పండి" అన్నారు.

అన్నయ్య చెప్పాడు. "పైకి, కుడి, కింద, కింద, ఎడమ, పైకి, కుడి."

గట్టిగా, ధైర్యంగా చెప్పాడు. ఒక్కటీ తప్పు పోకుండా.

డాక్టరుగారు ఏమీ అనలేదు. ఆ నిశ్శబ్దంలోనే అన్నయ్యకి అర్థమైంది. టోపీ తీసి మోకాలి మీద పెట్టుకున్నాడు. నేను బల్ల మీదనుంచి లేచి రోడ్డు మీదికి వచ్చేశాను. ఎటు నడిచానో గుర్తు లేదు. చీకటి పడ్డాక బోటు దగ్గరికి వచ్చి ఇది రాసి, పుస్తకం మళ్ళీ పెట్టెలోనే పెడుతున్నాను.

డిసెంబరు 22, సోమవారం

బోటు కట్టేసి ఉంది. నా బ్యాడ్జీ ఇచ్చేశాను, ఏడాది దాకా అడగడానికి లేదట. ఈ పుస్తకం తెచ్చుకోవడానికి వెళ్తే మామ అప్పటికే పెట్టెలోంచి తీసి సంచీలో చుట్టి ఉంచాడు. చదివాడా అని అడగలేదు.

"మంచిపని చేశావమ్మాయ్" అన్నాడు.

"మీరు చెప్పొచ్చు కదా మామా" అన్నాను.

మసిగుడ్డతో చేతులు తుడుచుకున్నాడు. తుడిచిన వేళ్ళే మళ్ళీ తుడుచుకున్నాడు.

డిసెంబరు 26, శుక్రవారం

అన్నయ్య నాతో మాట్లాడటం లేదు. నేను వంటింట్లోకి వస్తే బయటికి పోతాడు. వదిన పళ్ళెం నా గదికే పంపిస్తోంది. పంపించడమంటే మెట్ల మీద పెట్టి పిలవకుండా దిగిపోతోంది.

వీధిలో పచార్లు చేసి వచ్చాను. ఇంట్లో కూర్చోలేను, జెట్టీకి పోలేను. పొద్దున ఏడున్నర అయ్యేసరికి కాళ్ళు వాటంతట అవే లేస్తున్నాయి.

డిసెంబరు 29, సోమవారం

మూడుసార్లు వీధి చివరిదాకా వెళ్ళి వచ్చాను.

జనవరి 2, శుక్రవారం

బోటు అద్దెకిచ్చారు. ఇదివరకు ఇంకో పడవల కంపెనీలో పనిచేసిన ఒకావిడ నడుపుతుందట. మామ ఆమె దగ్గరే ఉంటాడు. మైకు ఎవరు పట్టుకుంటారో వదిన చెప్పలేదు, నేనడగలేదు.

తొమ్మిదిన అన్నయ్యని పెద్ద కళ్ళాసుపత్రిలో చూపించాలి. వదిన తోడు వెళ్తానంటే వద్దన్నాడట. ఈరోజు మెట్ల కిందనుంచి గొంతు వినిపించింది. పదిహేను రోజుల తరవాత.

"శుక్రవారం ఖాళీయేనా దానికి?" అని వదినని అడుగుతున్నాడు, నేను పైనే ఉన్నానని తెలిసి.

"ఖాళీయే" అన్నాను పైనుంచి.

జనవరి 9, శుక్రవారం

బస్సులో మాట్లాడలేదు. ఆసుపత్రిలో మొదటి డాక్టరు యువకుడు, తొందరగా మాట్లాడుతాడు. కంటి వెనక పొర నడిమధ్య పాడవుతోందట. చుట్టూ కనిపిస్తుంది, సూటిగా చూసింది మాయమవుతుంది. చుట్టూ చూపు పోదు, కాబట్టి ఇంట్లో తిరగ్గలడు. నడిమధ్య పోయిన చూపు తిరిగి రాదు, కంట్లో సూదులు వేస్తే మిగిలింది నిలబెట్టొచ్చు. రెండో కన్నులో ఇంకా కొంత ఉంది.

"ఎప్పట్నుంచి ఇలా ఉంది?" అన్నాడు.

"నవంబరు నుంచి" అన్నాను నేను.

"నవంబరులోనే వచ్చుంటే ఇంకా చాలా దక్కేది" అన్నాడు ఆ అబ్బాయి, కాగితం మీద రాసుకుంటూ. మామూలుగా అన్నాడు. రోజుకి పదిమందికి అంటాడేమో.

నవంబరులో నేను ఏడో వరస వెనకనుంచి చెప్పించాను. తప్పు పోతే మొదటికి రమ్మన్నాను.

సూది వేసే గది ముందు ఇనప కుర్చీలు. ఇద్దరం పక్కపక్కన కూర్చున్నాం. ఎదురుగా తలుపులు, అన్నీ ఒకేలా తెల్లగా. గంటసేపు గడిచింది. ఆఖరికి నేనే అన్నాను. "అన్నయ్యా, నేను ముందే చెప్పాల్సింది."

"ఏం చెప్తావు, నాకు తెలియనిదా?"

"కాదు. ఎవరికైనా."

టోపీ అటూ ఇటూ తిప్పుతున్నాడు. "మొదటిరోజే తెలుసు నాకు" అన్నాడు.

"ఏది?"

"డాల్ఫిన్లు. నువ్వు ముందు చూడటం. ఆ తరవాత గడియారం. జనం కోసమని ఎవరికి చెబుతావు? జనానికి నల్లబండతో పనేమిటి?" నవ్వబోయి ఆగాడు. "రోజూ బోటు ఎక్కేటప్పుడు అనుకునేవాణ్ణి. ఇవాళ ఇది నోరు మూసుకుంటుంది, నేను దిగిపోతాను. ఇవాళ విసుగేస్తుంది దీనికి. సాయంత్రం దాకా చూసేవాణ్ణి. నువ్వు మానలేదు."

"నేను మానితే నువ్వు ఎవరినో తొక్కేస్తావని..."

"అదీ తెలుసు."

"మరి నువ్వే చెప్పొచ్చు కదా."

"నువ్వు చెప్పొచ్చు కదా."

పక్క కుర్చీలో ముసలాయన మా ఇద్దరినీ మార్చి మార్చి చూశాడు, ఎవరు గెలిచారో తేల్చాలన్నట్టు. నేను మానితే నిజంగా దిగేవాడా? తెలియదు. ఇప్పుడు అలా అనుకోవడం తనకి సుఖంగా ఉందేమో. నాకూ కొన్నాళ్ళు ఎండ అనుకోవడం సుఖంగానే ఉంది.

"ఆ తాబేలు" అన్నాడు కాసేపటికి. "చిన్నదేనా నిజంగా?"

"కాదు. పెద్దది. చాలా పెద్దది."

తల ఊపాడు. చాలాసేపు ఊపుతూనే ఉన్నాడు.

నర్సు ఒక తలుపు తెరిచి, అన్నయ్య నంబరు పిలిచి, మళ్ళీ లోపలికి వెళ్ళిపోయింది. తలుపు దానంతటదే మూసుకుంది. అన్నయ్య లేచాడు. రెండడుగులు వేసి, తలుపుల వరస ముందు ఆగాడు. తల ఇటు వాల్చాడు, అటు వాల్చాడు. నా నోట్లో మాట సిద్ధంగా ఉంది. పళ్ళు కరుచుకుని పట్టుకున్నాను. కుర్చీ అంచు కూడా పట్టుకున్నాను.

నాకేసి తిరగలేదు. తలుపులకేసే చూస్తూ అడిగాడు.

"చిట్టీ, ఏ తలుపు?"

"ఎడమ నుంచి రెండోది" అన్నాను.